గొంతు ఒక్కటేనా? నటుడిగా, రచయితగా గద్దర్

గద్దర్ పేరు ఎత్తగానే ముందుగా వచ్చే మాట గాయకుడు. పత్రికలు ప్రజాగాయకుడన్నాయి, అభిమానులు ప్రజాయుద్ధనౌక అన్నారు, గిట్టనివాళ్ళు కూడా గొంతును మెచ్చుకునే మనిషిని తిట్టారు. 2023 ఆగస్టు 6న ఆయన చనిపోయినప్పుడు వచ్చిన నివాళుల్లో ఎక్కువ భాగం మూగబోయిన గొంతు గురించే మాట్లాడాయి. మేము ఇక్కడ చెప్పదలచుకున్న సంగతి వేరు. గద్దర్ ముందుగా నటుడు. దాదాపు యాభై ఏళ్ళు వేదిక మీద, అప్పుడప్పుడు తెర మీద పనిచేసిన నటుడు. తాను ఆడబోయేదాన్ని తానే రాసుకున్న రచయిత. ఈ రెండు పనులూ గొంతు చాటుకు పోయినాయి. అది ఊరికే జరిగిందని మేము అనుకోవటం లేదు. గొంతు పుట్టుకతో వస్తుందంటారు. నటనా, రాతా నేర్చుకుంటే వస్తాయి. దళిత కళాకారుడికి పుట్టుకతో వచ్చిందేదో ఉందని ఒప్పుకోవటానికి ఎవరికీ అభ్యంతరం లేదు. ఆయన నేర్చుకున్నాడు, ఆలోచించాడు, కత్తిరించి కుట్టాడు, పనికిరానిదాన్ని పారేశాడు అని ఒప్పుకోవటం దగ్గరే నోరు పెగలదు.

జీవిత వివరాలు చాలామందికి తెలిసినవే కాబట్టి తొందరగా చెప్పుకుందాం. అసలు పేరు గుమ్మడి విఠల్‌రావు. 1949లో మెదక్ జిల్లా తూప్రాన్‌లో దళిత శ్రామిక కుటుంబంలో పుట్టాడు. తల్లి లచ్చుమమ్మ, తండ్రి శేషయ్య. ఇంజనీరింగులో చేరి మధ్యలో వదిలేశాడు. తొలిరోజుల్లో బుర్రకథ దళం కట్టి తిరిగాడు. 1970ల మొదట్లో బి. నర్సింగరావు నడిపిన ఆర్ట్ లవర్స్ బృందంతో కలిశాడు. రిక్షా తొక్కేవాళ్ళ మీద కట్టిన ‘ఆపుర రిక్షా’ అప్పటిదే. 1972లో జననాట్యమండలి ఏర్పడింది. 1913లో అమెరికాలో పంజాబీ వలస కార్మికులు మొదలుపెట్టిన గదర్ పార్టీ పేరు పాటల పుస్తకానికి పెడితే, పుస్తకం పేరే మనిషికి అంటుకున్నది. 1975లో బ్యాంకులో గుమాస్తాగా చేరి 1984లో ఆ కొలువు వదిలేశాడు. 1985 నుంచి 1990 దాకా అజ్ఞాతంలో ఉన్నాడు.

ఇక ఆయన నటన ఎక్కడిది అనేది చూద్దాం. ఏ నాటక కళాశాలా నేర్పలేదు. దాన్నిబట్టి ఎవరూ నేర్పలేదనుకుంటే పొరపాటు. బుర్రకథ సంగతి చూడండి. ముగ్గురుంటారు. నడుమ తంబురా పట్టిన కథకుడు, అటూఇటూ ఇద్దరు వంతలు. ఒక వంత హాస్యం చెప్తాడు, ఇంకో వంత రాజకీయం ఎత్తుకుంటాడు. కథకుడు వేషం మార్చడు. ఉన్నచోటనే రాజైతడు, రాణైతడు, గుర్రమైతడు, వెంటనే మళ్ళీ కథకుడై జనంవైపు తిరుగుతడు. షేక్ నాజర్ లాంటి మహానుభావుడు ఈ కళను ప్రజానాట్యమండలి రోజుల్లో ఏ స్థాయికి తీసుకుపోయాడో మనకు తెలుసు. ఒక్క మనిషి క్షణానికో పాత్రలోకి దూరి బయటికి రావటం, వచ్చినప్పుడల్లా ఆ పాత్రను గురించి జనంతో ముచ్చటించటం అనే విద్య గద్దర్‌కు బుర్రకథలో దొరికింది. దీన్నే జర్మనీలో బ్రెహ్ట్ సిద్ధాంతం చేసి రాస్తే మన నాటక విభాగాల్లో పాఠంగా చెప్తున్నారు. చెప్పాల్సిందే. కానీ మన వాకిట్ల ఉన్న వంతగాణ్ణి కూడా ఆ పాఠంలోకి పిలవాలి గదా.

బుర్రకథ ఒక్కటే అయితే గద్దర్ ఇంకో మంచి కథకుడయ్యేవాడు. ఆయన చాలా చోట్ల నుంచి తెచ్చుకున్నాడు. భుజం మీది గొంగడి గొల్లకురుమలది. కాలి గజ్జె, ఆ గజ్జెతో నేలను తన్నే అడుగు చిందు భాగోతాన్ని గుర్తుచేస్తాయి. డప్పు మాదిగవాడది. కథ మధ్యలో పాట ఆపి పాత్రలు మాట్లాడుకోవటం ఒగ్గుకథలో ఉన్నది. ఒక్కో కులం దగ్గర ఒక్కో ముక్కగా ఉన్నదాన్ని ఒక్క ఒంటి మీదికి తెచ్చాడు. కుల వ్యవస్థ పనివాళ్ళను విడదీసినట్టే కళలను కూడా విడదీసి ఎవరి వాకిట్ల వాళ్ళను ఆడమన్నది. చిందు వాళ్ళు మాదిగలను ఆశ్రయించి బతకాలి, ఒగ్గువాళ్ళు మల్లన్న కథ చెప్పాలి, ఇట్లా. ఆ కంచెలను గద్దర్ ఒంటితో దాటాడు. ఉపన్యాసంలో కులాల ఐక్యత గురించి ఎవరైనా మాట్లాడొచ్చు. వేషంలో చూపించటం కష్టం.

వేషం అన్నాము గాని, నిజానికి అది వేషం తీసెయ్యటం. అంగీ లేని ఒళ్ళు, మోకాళ్ళ మీదికి కట్టిన ధోతి, గొంగడి, చేతిలో కర్ర. తెలుగు నాటకరంగం అప్పటిదాకా గొప్పగా చెప్పుకున్న పద్యనాటకంలో జరీ అంచులు, కిరీటాలు, హార్మోనియం, వన్స్‌మోర్లు ఉండేవి. ఆ నాటకానికి దళిత జీవితం అవసరం లేకపోలేదు. బలిజేపల్లి ‘సత్యహరిశ్చంద్ర’లో కాటిసీను ఎంత ప్రసిద్ధమో అందరికీ తెలుసు. ఆ సీనులో నటులు గుర్రం జాషువా శ్మశాన పద్యాలు తెచ్చి పాడుకునేవాళ్ళు. జనం కన్నీళ్ళు పెట్టుకునేవాళ్ళు. దళిత కవి పద్యం కావాలి, దళితుడు చేసే కాటికాపరి పని కావాలి. ఆ రెండూ ఎవరివో వాళ్ళు మాత్రం వేదిక కింద నిలబడాలి. ఈ చరిత్ర మనసులో పెట్టుకొని చూస్తే గద్దర్ అంగీ లేకుండా వేదిక ఎక్కటం ఎంత పెద్ద మాటో అర్థమవుతుంది. దాచుకోవాలని మనకు నేర్పిన ఒంటినే ఆయన ముందుకు తెచ్చాడు. ఎముకలు కనపడే ఒళ్ళు, కూలిచేసిన నలుపు, వంగిన నడుము, వీటన్నిటికీ ఆయన దగ్గర ఒక భాష ఉన్నది.

ఆయన ఆట చూసినవాళ్ళకు ఇంకో సంగతి గుర్తుండాలి. ఆయన బాగా ఆడిన పాత్రల్లో ఎక్కువ ఆడవాళ్ళవి. ‘భద్రం కొడుకో’లో పట్నం పోయే కొడుకుకు జాగ్రత్తలు చెప్పే తల్లి. ‘నిండు అమాసనాడు’లో ఆడపిల్లను కన్న తల్లి. ‘సిరిమల్లె చెట్టుకింద’లో లచ్చుమమ్మ, అది ఆయన తల్లి పేరే. మీసాలు గడ్డాలు ఉన్న మగమనిషి చీర కట్టకుండా, గొంతు సన్నగా చెయ్యకుండా తల్లి అయిపోవటం మామూలు నటుడితో అయ్యే పనికాదు. వెక్కిరింతగా మారకుండా చెయ్యటం ఇంకా కష్టం. స్థానం నరసింహారావు ఆడవేషానికి తెలుగు నాటక చరిత్రలో గౌరవమైన చోటు ఉన్నది. అది న్యాయమే. గద్దర్ తల్లివేషానికి మేము చూసిన నాటక చరిత్రల్లో చోటు లేదు.

సినిమాకు వద్దాం. గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో బి. నర్సింగరావు, జి. రవీంద్రనాథ్ తీసిన ‘మాభూమి’ 1980 మార్చి 23న విడుదలైంది. కిషన్‌చందర్ ఉర్దూ నవల ‘జబ్ ఖేత్ జాగే’ దానికి ఆధారం. (సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు 1947లో రాసిన ‘మాభూమి’ నాటకం వేరు. విద్యార్థులు రెంటినీ కలిపేస్తున్నారు.) ఇందులో ‘బండెనక బండి కట్టి’ పాటకు గద్దర్ తెర మీదికి వస్తాడు. పాట కోసం వచ్చి పాటతో పోయే పాత్ర. అయినా సినిమా చూసినవాళ్ళకు ఆ గొంగడి, ఆ కర్ర, ఆ అడుగు మిగిలిపోయినాయి. కెమెరా ముందు చాలామంది రంగస్థల నటులు తేలిపోతారు. దూరంగా ఉన్న జనానికి అందేటట్టు పెద్దగా చెయ్యటం అలవాటై ఉంటుంది. గద్దర్ కూడా పెద్దగానే చేశాడు. కానీ ఆయన చుట్టూ ఊరిజనం ఉన్నారు, ఆయన చూపు వాళ్ళమీద ఉన్నది, కెమెరా మీద లేదు. ఊళ్ళో ఆట జరుగుతుంటే కెమెరా వచ్చి చూసినట్టుంటుంది తప్ప కెమెరా కోసం ఆడినట్టుండదు. ఆ పాట గద్దర్ రాసింది కాదన్న సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. తెలంగాణ సాయుధ పోరాట కాలంలో బండి యాదగిరి కట్టిన పాట అది. గద్దర్ పాటగా చెలామణి అవుతుంటే యాదగిరి మరుగునపడ్డాడు. ఒక కళాకారుడి శ్రమను గుర్తించమని అడిగే మనం ఇంకొకరి శ్రమను మింగెయ్యగూడదు.

నర్సింగరావు 1983లో తీసిన ‘రంగుల కల’ లోనూ గద్దర్ పాట ఉన్నది. ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ అవార్డు పొందిన సినిమా అది. తర్వాత ఆయన తెరకు దూరమయ్యాడు. అజ్ఞాతంలో ఉన్న మనిషికి షూటింగులెక్కడివి. పాట మాత్రం సినిమాల్లోకి పోతూనే ఉన్నది. 1995లో వచ్చిన ‘ఒరేయ్ రిక్షా’లో ‘మల్లెతీగకు పందిరివోలె’ చెల్లెలి కోసం అన్న పాడే పాట. దాన్ని పాడింది వందేమాతరం శ్రీనివాస్. గద్దర్ గొంతు లేదు, ఒళ్ళు లేదు, గొంగడి లేదు. మాటలే ఉన్నాయి. అయినా ఆ పాట తెలుగు నేలంతా తిరిగింది, పెళ్ళిళ్ళలో కూడా పాడారు. గద్దర్ రచయిత అనటానికి ఇంతకంటే సాక్ష్యం అవసరం లేదనుకుంటాం. దానికి ఉత్తమ గేయరచయితగా నంది అవార్డు ప్రకటిస్తే ఆయన తిరస్కరించాడు.

రచన గురించి ఇంకొంచెం ఆగి మాట్లాడాలి. గద్దర్ పాటలను అచ్చులో చదివిన విమర్శకులు నినాదాలున్నాయనీ, చెప్పిందే చెప్పాడనీ రాశారు. అచ్చులో అట్లా కనిపించటం నిజమే. అవి కూచొని చదువుకోవటానికి రాసినవి కావు, ఆడటానికి రాసినవి. చరణానికీ చరణానికీ మధ్య ఖాళీ ఉంటుంది. ఆ ఖాళీలో ఆయన మాట్లాడతాడు, నవ్విస్తాడు, ఆ ఊరి సంగతి ఎత్తుకుంటాడు, ఏడుస్తాడు. పల్లవి మళ్ళీ మళ్ళీ రావటం వంతలు అందుకోవటానికి, ఆటగాడు ఊపిరి తీసుకోవటానికి, కొత్తగా వచ్చి నిలబడ్డ కూలిమనిషికి కథ అందటానికి. ఒక ఊళ్ళో పది నిమిషాలు పాడిన పాట ఇంకో ఊళ్ళో అరగంట అయ్యేది. నాటక రచయిత రాతప్రతిలో బ్రాకెట్లు పెట్టి ‘ఇక్కడ కూర్చుంటాడు, ఇక్కడ లేస్తాడు’ అని రాస్తాడు. గద్దర్ ఆ బ్రాకెట్లను దరువులో పెట్టాడు. దరువు మారిందంటే పాత్ర మారినట్టు.

భాష సంగతి వేరే చెప్పాలా? తెలుగు సినిమా చాలాకాలం తెలంగాణ మాటను రౌడీకీ, బఫూన్‌కూ ఇచ్చింది. అదే మాటతో తల్లి ఏడవగలదనీ, అన్న చెల్లెను లాలించగలడనీ, రైతుకూలీ రాజకీయం చెప్పగలడనీ వేలాది వేదికల మీద చూపించినవాళ్ళలో ఆయన ముందున్నాడు. ఉత్తరాంధ్ర మాటతో అదే పని చేసినవాడు వంగపండు ప్రసాదరావు. ఆయనా రచయితే, ఆటగాడే. 2020 ఆగస్టులో ఆయన పోయినప్పుడూ గాయకుడనే రాశారు.

కులం గురించి గద్దర్ వేదిక ఏం చెప్పిందనేది మన పాఠకులు తప్పక అడిగే ప్రశ్న. తొలి పదిహేనేళ్ళ పాటల్లో దళితుడు ఎక్కువగా కూలీగా, జీతగాడిగా, రిక్షావాడిగా కనిపిస్తాడు. ఆకలికి పేరుంది, అంటరానితనానికి పేరు తక్కువ. పార్టీ దృక్పథంలోనే ఆ పరిమితి ఉన్నది. 1985 జులై 17న కారంచేడులో ఆరుగురు మాదిగలను చంపిన తర్వాత ఆయన కట్టిన ‘దళిత పులులు’ పాటతో ఒక మార్పు వచ్చింది. చచ్చిపోయినవాళ్ళ మీద జాలిపాట కట్టొచ్చు, ఆయన ఎదురు తిరిగినవాళ్ళ పాట కట్టాడు. దళితుడనే మాట విప్లవ వేదిక మీద పల్లవిలోకి వచ్చింది. 1991 ఆగస్టు 6న చుండూరు జరిగింది. అదే తేదీన ముప్ఫై రెండేళ్ళకు గద్దర్ పోయాడు. ఆ తేదీ మనకు రెండు రకాలుగా గుర్తుంటుంది.

ఇంకో ప్రశ్న ఇంతకంటే ఇబ్బందైంది. చిందు, ఒగ్గు, డప్పు కళాకారుల దగ్గర తీసుకున్నదానికి వాళ్ళకు తిరిగి ఏం దక్కింది? పాట గద్దర్‌ది అయింది, అడుగు గద్దర్‌ది అయింది, పాత భాగోతులు మాత్రం ఊళ్ళు పట్టుకొని తిరుగుతూనే ఉన్నారు. మగవేషం కట్టి మెప్పించిన చిందు ఎల్లమ్మను బయటి ప్రపంచం ముసలితనంలో గానీ చూడలేదు. మన పాత వరంగల్ జిల్లా దేవరుప్పుల ప్రాంతపు చిందు యక్షగాన కళాకారుడు గడ్డం సమ్మయ్యకు 2024లో పద్మశ్రీ వచ్చింది. సంతోషమే, ఆలస్యం మాట వేరే చెప్పనక్కరలేదు. ఇది గద్దర్ ఒక్కడి మీద మోపే నేరం కాదని మా ఉద్దేశం. ఆయన ఎవరి దగ్గర ఏం నేర్చుకున్నాడో వివరంగా రాసిపెట్టే పని పరిశోధకులది. ఆ పని జరిగి ఉంటే అప్పు లెక్క తేలేది. జి. కళ్యాణరావు 2000లో ‘అంటరాని వసంతం’ నవలలో ఎల్లన్న అనే అంటరాని ఆటగాడి కథ రాశాడు. ఆ నవలను గద్దర్ వేదిక పక్కన పెట్టి చదవమని విద్యార్థులకు చెప్తుంటాం. 2004లో ప్రభుత్వంతో శాంతి చర్చలప్పుడు ఈ ఇద్దరూ, వరవరరావుతో పాటు, మావోయిస్టుల తరఫు ప్రతినిధులుగా ఉన్నారు. ఒకాయన ఎల్లన్నను రాసినవాడు, ఒకాయన ఎల్లన్నలాగా ఆడినవాడు.

ఇది తెలుగునాట మాత్రమే జరిగింది కాదు. మరాఠీలో అన్నాభావు సాఠే మాంగ్ కులంలో పుట్టాడు. తమాషాలు రాసి ఆడాడు, పోవాడాలు పాడాడు, ‘ఫకీరా’ లాంటి నవలలు రాశాడు. చాలాకాలం లోకశాహీర్ అనే ఒక్క బిరుదుతో సరిపెట్టారు. అమెరికాలో పాల్ రోబ్సన్ 1943లో బ్రాడ్వే మీద ఒథెల్లో వేసిన నల్లజాతి నటుడు. సినిమాల్లోనూ చేశాడు. ఎక్కువమందికి ఆయన గంభీరమైన గొంతుగానే గుర్తు. రాజకీయాలు నచ్చక ఆయన పాస్‌పోర్టును 1950 నుంచి ఎనిమిదేళ్ళు ఆపారు. గద్దర్‌కు పాస్‌పోర్టుతో పోలేదు. 1997 ఏప్రిల్ 6న ఇంటికొచ్చి కాల్చారు. ఒక తూటా వెన్నులో ఉండిపోయింది. దాంతోనే ఇరవై ఆరేళ్ళు వేదికెక్కాడు. నటుడికి పనిముట్టు ఒళ్ళే కాబట్టి ఇది కూడా ఆయన నటన చరిత్రలో రాయాల్సిన విషయమే. తర్వాతి ఏళ్ళలో ఎగరటం తగ్గింది, మాట పెరిగింది, చేతుల పని పెరిగింది.

2011లో ఎన్. శంకర్ తీసిన ‘జై బోలో తెలంగాణ’లో ‘పొడుస్తున్న పొద్దుమీద’ పాట ఆయనే రాశాడు, పాడాడు, తెర మీద కనిపించాడు. మూడు పనులూ ఒకేచోట చేస్తే నంది వచ్చింది ఉత్తమ గాయకుడిగా. 1995లో రచయిత, 2011లో గాయకుడు. నటుడికి ఎప్పుడూ లేదు. తెలంగాణ ప్రభుత్వం నందుల స్థానంలో సినిమా అవార్డులకు గద్దర్ పేరు పెడతామని 2024 జనవరిలో ప్రకటించి, 2025 జూన్‌లో మొదటిసారి ఇచ్చింది. ఉత్తమ నటుడు ఇప్పుడు గద్దర్ అవార్డు తీసుకుంటాడు.

చివరి ఏళ్ళలో ఆయన మావోయిస్టు రాజకీయాల నుంచి తప్పుకున్నాడు. 2018లో మొదటిసారి ఓటేశాడు. అంబేద్కర్‌నూ రాజ్యాంగాన్నీ ఎత్తుకున్నాడు, గుళ్ళకూ పోయాడు. వీటి మీద తగాదాలున్నాయి, ఉండనిద్దాం. తాను అల్వాల్‌లో పెట్టిన మహాబోధి విద్యాలయం ఆవరణలోనే, బౌద్ధ పద్ధతిలో ఆయన్ను ఖననం చేశారు.

ఇప్పుడు మన పని సంగతి. మేముండే కాశిబుగ్గ నేతపనివాళ్ళు, హమాలీలు, ఒకప్పటి అజంజాహి మిల్లు కార్మికుల కుటుంబాలు ఉండే చోటు. మిల్లు 1934లో పెట్టారు, 2002లో మూతపడింది. 1990 మే నెలలో వరంగల్‌లో రైతుకూలీ సంఘం మహాసభలు జరిగినప్పుడు లక్షలమంది వచ్చారు. అప్పుడు పాతికేళ్ళున్నవాళ్ళకు ఇప్పుడు అరవై దాటింది. ఆ ముచ్చట కదిలిస్తే వాళ్ళు పాట పాడి ఊరుకోరు, లేచి నిలబడతారు. తువ్వాల భుజం మీది నుంచి చేతిలోకి వస్తుంది, నడుము వంగుతుంది, ఎడమ కాలు ముందుకు పడుతుంది. పాటలో మాటలు మర్చిపోయినవాళ్ళు కూడా అడుగు మర్చిపోలేదు. మేము మొదట టేప్ రికార్డరు ధోరణిలోనే పోయి పాటలు రాసుకొచ్చాం. ఇప్పుడు అడుగులు రాసుకుంటున్నాం. ఎక్కడ ఆగాడు, ఎవరివైపు తిరిగాడు, ఏ మాట దగ్గర కర్ర నేలకు కొట్టాడు, వంతలు ఎప్పుడు అందుకున్నారు, మధ్యలో చెప్పిన పిట్టకథ ఏమిటి. తెర మీద మిగిలింది కొన్ని నిమిషాలు. వేదిక మీద ఆడినదంతా చూసినవాళ్ళ ఒళ్ళల్లో ఉన్నది. మీ ఊళ్ళో చూసినవాళ్ళుంటే ఈ ప్రశ్నలు అడగండి. కూచోబెట్టి అడగొద్దు, నిలబెట్టి అడగండి.